యంత్రమునకు అక్షరాభ్యాసము

వానకఱవు తీఱని అనంతపురపు మెట్టసీమలో రైతునకు మడక యెంత యవసరమో అర్జీయు నంత యవసరము. ఏటి సగటు వర్షపాతము సుమారు 550 మిల్లీమీటర్లు. వాన తక్కువలో దేశమున జైసల్మేరు తరువాత నీ జిల్లానే చెప్పుట వాడుక. వేరుసెనగ ఊడలు దిగు వేళ చినుకు రాలకున్న పంటనష్టమున కొక దరఖాస్తు; బీమా సొమ్ము చేరకున్న మఱియొకటి; పట్టాలో తండ్రిపేరు తప్పుపడిన నింకొకటి; సర్వే నెంబరు తాఱుమాఱైన వేఱొకటి. కఱవుసీమ రైతు బ్రతుకులో సగము చేనిమీదను, సగము కాగితముమీదను నడచుచున్నది.

2019 అక్టోబరు 2వ తేదీన ఆంధ్రప్రదేశమున గ్రామసచివాలయము లేర్పడినవి. అర్జీని యూరిలోనే యిచ్చుకొను వీలు కలిగినది. ఇది సంతోషింపదగిన మార్పే. కాని సచివాలయపు బల్లమీద నున్నది కంప్యూటరు. దానితో మాటలాడవలెనన్న మీటలు నొక్కవలెను. హైస్కూలువఱకు తెలుగు చదివి, ముత్యములవంటి యక్షరములతో ఉత్తరములు వ్రాయనేర్చిన రైతు సైత మా మీటలముందు నిరక్షరాస్యుడగుచున్నాడు. ఇంగ్లీషు అక్షరములతో తెలుగు మాటలు కూర్చు పద్ధతి యతనికి రాదు. తెలుగు మీటల యమరిక యతడు చూచి యెఱుగడు. కావున నతని మాటను మఱియొకరు కొట్టవలసివచ్చుచున్నది. ఆ కొట్టుటలో ఇంటిపేరు మాఱవచ్చును, ఊరిపేరు మాఱవచ్చును, ఒక్కొక్కప్పుడు మొఱయే మాఱిపోవచ్చును. పొరపాటు యంత్రముదైనను పాట్లు మాత్రము రైతువి.

ఈ చిక్కునకు రెండు మార్గములు కలవు. మనుష్యునకు మీటలు నేర్పుట యొకటి. యంత్రమునకు మనుష్యుని చేతివ్రాత నేర్పుట రెండవది. ఈ రెండవ మార్గమున తెలుగునకు జరిగిన తొలికృషిలో ముఖ్యమైన భాగము మన సీమలోనే జరిగినది. ఆ సంగతిని మనము మఱచితిమి. దానిని జ్ఞప్తికి దెచ్చి, నిలిచిపోయిన పనిని ముందునకు సాగింపవలసిన యావశ్యకతను మనవి చేయుటయే యిచ్చటి యుద్దేశము.

సిరా లేని వ్రాత

అద్దపు పలకపై కలముతోగాని వ్రేలితోగాని వ్రాసినప్పుడు, మొన యెచ్చట నున్నదో యంత్రము సెకనునకు 100 సార్ల కటునిటుగా గుర్తించి, ఆ స్థానమును వేళతోకూడ నమోదు చేసికొనును. మొన పలకకు తగిలినది మొదలు లేచువఱకు నొక గీత. ఇట్టి గీతల వరుసకే డిజిటల్ సిరా యని పేరు.

వ్రాసిన కాగితమును ఫోటో తీసి చదివించుటకును దీనికిని భేదము కలదు. ఫోటోలో అక్షరపు రూపము మాత్రమే యుండును. డిజిటల్ సిరాలో అక్షరము పుట్టిన క్రమము కూడ నుండును: తలకట్టు ముందు పెట్టిరా వెనుక పెట్టిరా, వత్తు ఎప్పుడు దిగినది, చేయి ఎచ్చట నిలిచినది, ఎచ్చట పరుగెత్తినది. గుత్తికి సమీపమున, కర్నూలు జిల్లాలోని యెఱ్ఱగుడి బండలమీద అశోకచక్రవర్తి శాసనములు కలవు. వానిలో నొకదానియందు కొన్ని పంక్తులు ఎడమనుండి కుడికిని, కొన్ని కుడినుండి ఎడమకును, దున్ను ఎద్దులు చాలుచివర మళ్లినట్లు నడచినవి. ఏ పంక్తి యే దిక్కున నడచినదో పండితులు శ్రమపడి తేల్చవలసివచ్చినది. డిజిటల్ సిరాకు ఆ చిక్కు లేదు. తన నడకను తానే చెప్పుకొనును.

ఈ గీతలను అక్షరములుగా మార్చు పనిని ప్రతివారును మొదటినుండి చేసికొననక్కఱలేదు. ఒకరు వ్రాసియుంచిన యాజ్ఞలను పదిమంది తమ తమ పనులకు తీసికొని వాడుకొనునట్లు కూర్చిన సముదాయములు కలవు. వానిని సాఫ్ట్‌వేర్ లైబ్రరీ లందురు. గ్రంథాలయమను పేరు వానికి తగియున్నది. ఒక్కరి శ్రమ పెక్కండ్రకు చేరుటయే గ్రంథాలయ ధర్మము గదా.

సీమలో జరిగిన పని

బెంగుళూరులోని హెచ్.పి. పరిశోధనాలయమువారు 2006లో లిపి టూల్‌కిట్ అను నిట్టి లైబ్రరీని విద్వల్లోకమునకు తెలియజేసిరి. దాని మూలమును దాచక, ఎవరైనను తీసికొని మార్చి వాడుకొనవచ్చునని ఎం.ఐ.టి. లైసెన్సు క్రింద విడిచిపెట్టిరి. అది యే యొక్క లిపికిని కట్టుబడినది కాదు. ఏ లిపి మచ్చులు చూపిన నా లిపిని నేర్చుకొనును. కావున మచ్చులు కూర్చుటయే ముఖ్యమైన పని యాయెను. తెలుగునకు వారు వెలువరించిన సంపుటిలో 166 గుర్తులును, ఒక్కొక్క గుర్తునకు సుమారు 270 చేతివ్రాత మచ్చులును కలవు.

166 గుర్తు లేల యని యడుగవచ్చును. తెలుగు అక్షరము ఇంగ్లీషు అక్షరమువలె ఒంటరిది కాదు. హల్లునకు గుణింతము చేరును, వత్తు చేరును, ఒక్కొక్కప్పుడు రెండు వత్తులు చేరును. ఇట్లు పుట్టు రూపములు వేలకొలది. ప్రతి రూపమునకును మచ్చులు కూర్చుట యసాధ్యము. కావున అచ్చులు, హల్లులు, గుణింతపు గుర్తులు, వత్తులు విడివిడిగా నేర్పి, తరువాత వానిని కలిపి చదివించు పద్ధతి నవలంబించిరి. మన వీథిబడులలో ఓనమాలు, గుణింతములు, వత్తులు నేర్పిన వరుసయు నిదియే.

ఇక మన సీమవారి పని. పుట్టపర్తి 2022 ఏప్రిల్ 4వ తేదీనుండి శ్రీ సత్యసాయి జిల్లాకు కేంద్రము. అంతకుముందు అనంతపురము జిల్లాలోనిది. అచ్చటి ప్రశాంతినిలయమునందలి శ్రీ సత్యసాయి విశ్వవిద్యాలయపు పరిశోధకులు హెచ్.పి. వారితో కలసి తెలుగు గుర్తులను చదువు విధానమును నిర్మించి, 2007లో బ్రెజిల్ దేశపు కురితిబా నగరమున జరిగిన అంతర్జాతీయ సభకు సమర్పించిరి. వారు మచ్చులు సేకరించిన తీరు మెచ్చదగినది. వెలగల అద్దపు పలకల జోలికి పోక, డిజిమెమో అను చవుకయైన పలకపై మామూలు కాగితము పఱచి, సిరా కలముతోనే వ్రాయించిరి. కాగితముపై సిరా పడుచుండగా క్రిందనున్న పలక కలపు నడకను గ్రహించెను. వ్రాయువారికి క్రొత్త అలవాటేమియు నక్కఱలేకపోయెను. కఱవుసీమకు తగిన పొదుపు గల పద్ధతి యిది.

29,158 మచ్చులతో యంత్రమునకు పాఠము చెప్పి, మఱి 9,235 మచ్చులతో పరీక్ష పెట్టిరి. నూటికి 91.6 గుర్తులను యంత్రము తొలిమాటలోనే సరిగా చెప్పెను. ఐదు ఊహలు చెప్పనిచ్చినచో, సరియైనది వానిలో నుండుట నూటికి 98.7.

యంత్రము నేర్చు విధము

ఒకే ముగ్గును ఇద్దఱు వేసిరనుకొందము. ఒకరు మెల్లగా, ఒకరు వడిగా. ఒకరు పెద్దదిగా, ఒకరు చిన్నదిగా. ముగ్గు ఒక్కటే యని చూచువారికి తెలియును. యంత్రమునకు తెలియుటకు ముందుగా ఆకారములను ఒకే కొలతకు తెచ్చి, తరువాత ఒక గీతను సాగదీసియు కుదించియు రెండవదానితో సరిపోల్చవలెను. ఎంత తక్కువ సాగదీతతో సరిపోవునో అంత దగ్గఱి చుట్టము. లిపి టూల్‌కిట్‌లోని పద్ధతులలో నిది యొకటి. ప్రశాంతినిలయమువారి విధానము మఱియొక దారిది. వ్రాయువాని మనసులోని యక్షరము యంత్రమునకు కనబడదు. కనబడునది గీత మాత్రమే. కనబడు గీతనుబట్టి కనబడని యక్షరమును సంభావ్యత లెక్కలతో ఊహించుట దాని రహస్యము. ఇటీవలి సంవత్సరములలో ఈ పనిని మెదడు నాడుల యల్లికను పోలిన గణితజాలములు చేయుచున్నవి. పద్ధతులు మాఱినవి, కాని మచ్చుల యవసరము మాఱలేదు. యంత్రము తాను చూచిన చేతులనే చదువును.

91.6 అను నంకెను చూచి తృప్తిపడుటకు వీలులేదు. ఒక్క గుర్తునకు లెక్క అది, మాటకు కాదు. 'అనంతపురం' అను మాటలో అ, న, సున్న, త, ప, కొమ్ము, ర, సున్న యని 8 గుర్తులు. ఒక్కొక్క గుర్తును విడివిడిగా చదువునపుడు తప్పునకు నూటికి 8 పాళ్లకు పైగా తావున్నచో, మాటమొత్తము తప్పులేక వచ్చుట నూటికి 50 మారులే. అనగా మన జిల్లాపేరే సగముసారులు తప్పుగా వచ్చును. ఐదు ఊహలు చూపి, వానిలో సరియైనదానిని వ్రాసినవానిచేతనే యెన్నుకొననిచ్చినచో నూటికి 90 మారులు సరిగా తేలును. కావున వ్రాసినవాడు చూచి సరి యనక ముందు యంత్రపు చదువును దేనిని అర్జీలో చేర్పరాదను సూత్రము ఈ యంకెలనుండియే పుట్టుచున్నది. నేటి విధానములు అప్పటికంటె మెఱుగైనవి. అయినను సూత్రము మాఱదు.

పొరుగువారి పలక

2015లో గూగుల్ సంస్థవారు 82 భాషల చేతివ్రాతను మొబైలు ఫోనులలో చదువు సాధనమును విడుదల చేసిరి. 2020లో 300లకు పైబడిన భాషలకు డిజిటల్ సిరాను చదువు లైబ్రరీని, ఫోను సాధనములు నిర్మించువారికి అందుబాటులోనికి తెచ్చిరి. అందు తెలుగును కలదు. ఒక్క భాషకు కావలసిన సామగ్రి సుమారు 20 మెగాబైట్లు; ఒక్కమారు దించుకొన్న తరువాత నెట్టు లేకున్నను పనిచేయును. సిగ్నలు చిక్కని కొండపల్లెలకు ఇది గొప్ప యుపకారము. మంచిని మంచి యనుటకు సంకోచింపరాదు.

కాని యుపకారము వేఱు, అధికారము వేఱు. ఆ యంత్రము ఎవరి మచ్చులతో నేర్చినదో మనము చూడలేము. మన పల్లెపేరును తప్పుగా చదివినచో దానిని దిద్దు మార్గము మన చేతిలో లేదు. రేపు ఆ సంస్థవారు విరమించుకొన్నచో అడుగువారు లేరు. 1993లో ఆపిల్ సంస్థవారు న్యూటన్ అను చేతిపలకను తెచ్చిరి. చేతివ్రాతను చదువునని దానిని చాటిరి, తప్పుచదువులవలన నది నవ్వులపాలాయెను, 1998లో నిలిపివేసిరి. వ్యాపారములో ఇది సహజము. ప్రజల యర్జీలు మాత్రము వ్యాపారపు గాలివాటున నుండరాదు.

1914లో బెజవాడలో ఆంధ్రదేశ గ్రంథాలయసంఘము వెలసినప్పుడు మన పెద్దలు కోరినది పుస్తకములు మాత్రమే కాదు. తలుపులు తెఱచియుండు నాలయములు. కర్నూలులో పుట్టిన గాడిచర్ల హరిసర్వోత్తమరావుగారు గ్రంథాలయోద్యమమునకును వయోజనవిద్యకును తమ జీవితములో పెద్దభాగము ధారపోసిరి. సాఫ్ట్‌వేర్ లైబ్రరీలకును ఆ ధర్మమే వర్తింపవలెను. లిపి టూల్‌కిట్‌ను తలుపులు తెఱచిన గ్రంథాలయముగా విడిచిరి. మూసిన గ్రంథాలయములో గ్రంథము లెన్ని యున్నను అవి యజమానివే.

ఎవరి చేయి?

యంత్రము తాను చూచిన చేతులనే చదువుననుకొంటిమి. అట్లైన ఎవరి చేతులు చూపవలెను? కళాశాల విద్యార్థుల చేయి ఒక తీరు. యాభైయేండ్లు సేద్యము చేసిన చేయి ఒక తీరు. వణకు చేయి, కాయలు కాచిన చేయి, ఎడమచేయి, సంతకము వఱకే అలవాటైన చేయి, ఇవన్నియు తెలుగు చేతులే. మచ్చులలో వీనికి తావు లేనిచో, ఎవరికొఱకు ఈ సాధనము కావలసియున్నదో వారినే యది చదువలేకపోవును.

చేయి యొకటే కాదు, మాటయు నున్నది. నేటి సాధనములు గీతలనే కాక, ఏ మాట తఱచుగా వచ్చునో ఆ లెక్కనుకూడ చూచి తీర్మానించును. ఇందు మేలును కీడును కలవు. తఱచు మాటలు చక్కగా చదువబడును. అరుదైన మాటలు దగ్గఱి మాటలుగా మాఱిపోవు భయము కలదు. మన సీమలో వేరుసెనగకు బుడ్డలనియు చెనిక్కాయలనియు వాడుక. నాగలికి మడక యందుము. సజ్జలకు సద్ద లందుము. కోస్తా పత్రికలనుండి మాటలు నేర్చిన యంత్రము వీనిని తప్పులుగా భావించి దిద్దబూనుకొనవచ్చును. మడకశిర పేరులోనే మడక యున్నది. ఆ పేరైనను యంత్రమునకు నేర్పకున్న మన వ్రాతను మనకే తప్పుగా చదివి వినిపించును.

ఆ మడకశిరప్రాంతమున తెలుగు, కన్నడములు రెండును వాడుకలో నున్నవి. రెండు లిపులును ఒకే తల్లి బిడ్డలు. ఉదయము కన్నడము, సాయంకాలము తెలుగు వ్రాయు చేతిలో తలకట్లు కలసిపోవుట సహజము. ఇట్టి సరిహద్దు చేతివ్రాత ఏ సంపుటిలోనైనను చేరుట రెండు భాషలకును లాభము. ఒక లిపిలో నేర్చిన గీతలు రెండవ లిపికి తోడ్పడును.

ఇక నంకెల సంగతి. మన లిపిలో నిండుసున్నయు, అంకెల సున్నయు గుండ్రనివే. సర్వే నెంబరులో నొక సున్న అక్షరముగా చదువబడినచో భూమియే మాఱిపోవును. దరఖాస్తులో నంకెల గడిని వేఱుగా నుంచి, అచ్చట అంకెలనే యెదురుచూడుమని యంత్రమునకు చెప్పుట సులభమైన యుపాయము. సులభమైనదానినైనను ఎవరో యొకరు తలపెట్టవలెను.

నోటిమాటను యంత్రము వ్రాసికొను రోజులలో చేతివ్రాతతో నేమి పని యని కొంద ఱందురు. చదువురానివారికి నోటిమాట శరణ్యమే. దానిని కాదనుట లేదు. కాని నలుగురు కూర్చున్న కచ్చేరిలో అన్నదమ్ముల భూమి తగవును, ఇంటి యప్పును, పెన్షను రాని సంగతిని బిగ్గరగా చెప్పుకొనుటకు మనసొప్పదు. కాగితముపై వ్రాసి యిచ్చుటలో నొక మర్యాద కలదు. పైగా తాను చెప్పదలచినదానిని తాను వ్రాసినవాడు దానిని తాను చదువుకొని సరిచూచుకొనగలడు. ఆ శక్తిని సంపాదించుటకే గదా బడికి పోయినది.

చేయవలసినది

మొదటిది: మచ్చుల సేకరణ. సీమలో విద్యాసంస్థలకు కొదువలేదు. 1981లో నేర్పడిన శ్రీకృష్ణదేవరాయ విశ్వవిద్యాలయము, జవహర్‌లాల్ నెహ్రూ సాంకేతిక విశ్వవిద్యాలయము, 2018లో వచ్చిన కేంద్రీయ విశ్వవిద్యాలయము అనంతపురమునే యాశ్రయించి యున్నవి. 1928లో నంద్యాల సభలో ఈ సీమకు రాయలసీమ యని నామకరణము చేసిన చిలుకూరి నారాయణరావుగారు అనంతపురపు కళాశాలలో పాఠములు చెప్పిన పండితులు. ఆంధ్రభాషాచరిత్రము వారి కృతి. ఆ యూరి విద్యార్థులు సెలవులలో తమ పల్లెలకు పోయి, పెద్దల యనుమతితో, వారి పేర్లు బయటపెట్టక, చేతివ్రాతలు సేకరించుట కష్టమైన పని కాదు. డిజిటల్ సిరాను దాచుటకు 2011 సెప్టెంబరులో ప్రపంచ వెబ్ సంఘమువారు ఇంక్ఎంఎల్ అను ఉమ్మడి పద్ధతిని స్థిరపఱచిరి. దానిలో దాచినది ఏ యంత్రమైనను చదువగలదు. ఈ సంపుటి ప్రజల సొత్తుగా, ఎవరికిని మూయరానిదిగా నుండవలెను.

రెండవది: సచివాలయములలో చేతివ్రాత పలకకు తావు. రైతు తన చేతితో వ్రాయవలెను. యంత్రము చదివినదానిని పెద్దయక్షరములలో నతనికి చూపవలెను. అతడు సరి యనిన తరువాతనే యది చేరవలెను. అన్నింటికంటె ముఖ్యముగా, అతని గీతలను అచ్చక్షరములతోపాటు భద్రపఱచవలెను. తగవు వచ్చినప్పుడు సాక్ష్యము చెప్పవలసినది అతని వ్రాతయే కాని యంత్రపు చదువు కాదు.

మూడవది మిక్కిలి తొందరగా చేయవలసినది. 1984లో కరణముల యుద్యోగములు రద్దయినవి. వారు వ్రాసిన గొలుసుకట్టు వ్రాత లెక్కలు, పాత దస్త్రములు ఇంకను బీరువాలలో నున్నవి. పట్టాదారులలో పెక్కండ్ర హక్కునకు మూల మా కాగితములే. కలము ఎత్తక, అక్షరమును అక్షరమునకు ముడివేసికొని పోవు ఆ వ్రాతను చదువగలవారు నానాటికి తగ్గిపోవుచున్నారు. వ్రాయగలవారు మఱింత తక్కువ. పాతకాగితమున గీత యెచ్చట మొదలై యెచ్చట మళ్లినదో కనబడదు. కాని యీనాటికి మిగిలియున్న వృద్ధులచేత పలకపై కొన్ని పుటలు వ్రాయించినచో, ఆ గొలుసు నడచిన క్రమమంతయు డిజిటల్ సిరాలో నిలిచిపోవును. దాని సాయమున పాతదస్త్రములను చదువు యంత్రములను నేర్పుటకు దారి యేర్పడును. ఆ చేతులు లేని నాడు ఎంత ధనము పోసినను ఆ క్రమము దొరకదు.

ఈ పని ప్రభుత్వముమీదనే వేయదగినది కాదు. పట్టాదారులు తమ యిండ్లలోని పెద్దలను నాలుగు పుటలు వ్రాయింపవచ్చును. పట్టణములలోని యుపాధ్యాయులు, వకీళ్లు, ఇంజనీర్లు పూనుకొనవచ్చును. ఒకప్పుడు ప్రశాంతినిలయమున మామూలు కాగితము, సిరా కలము, చవుక పలక పెట్టుకొని కొందఱు పరిశోధకులు తెలుగు యంత్రమునకు అక్షరాభ్యాసము చేయించిరి. అక్షరాభ్యాసము జరిగిన బిడ్డను బడి మాన్పించుట మన సంప్రదాయము కాదు. మడకపట్టు రైతు వ్రాసిన యర్జీని తప్పులేక చదువగల దినమువఱకు దాని చదువు సాగింపవలసిన భారము మనపై నున్నది.